జంప్ బాల్‌కు ముందు లెక్క

నేను ఉద్యోగం నుంచి దిగిపోవడానికి ఏడాది ముందు, డిసెంబరు నెలలో, హన్మకొండలో అంతర కళాశాలల మహిళల బాస్కెట్‌బాల్ పోటీలు జరిగాయి. అప్పటికి నేను ఒక డిగ్రీ కాలేజీలో ఫిజికల్ డైరెక్టర్‌ను. పిల్లలు పీడీ మేడం అనేవాళ్లు, వెనకాల పొట్టి మేడం అనేవాళ్లు. రెండూ నాకు వినపడేవి. ఉద్యోగంతో పాటు రిఫరీ పని కూడా చాలా ఏళ్లు చేశాను. ఆ పోటీల ఫైనల్‌కు నన్ను క్రూ చీఫ్‌గా వేశారు. కోర్టులో ఉన్న రిఫరీలలో పెద్దను అలా అంటారు. ఆట మొదట్లో బంతిని గాలిలోకి ఎగరేసే పని క్రూ చీఫ్‌దే.

క్రికెట్‌లో లాగా బాస్కెట్‌బాల్‌లో రూపాయి బిళ్ల ఎగరేసి ఆట మొదలుపెట్టరు. కోర్టు నడుమ ఒక వలయం ఉంటుంది. అందులో రెండు జట్ల నుంచి ఒక్కొక్కరు, సాధారణంగా అందరికంటే పొడుగైనవాళ్లు, ఎవరి సగంలో వాళ్లు నిలబడతారు. మిగిలిన ఎనిమిది మంది వలయం బయట ఉండాలి. క్రూ చీఫ్ ఆ ఇద్దరి మధ్య నిలబడి బంతిని నిటారుగా పైకి వేయాలి. వాళ్లు ఎంత ఎగిరినా అందనంత ఎత్తుకు అది పోవాలి. పైకి పోయిన బంతి ఇక దిగబోతుందనగా మాత్రమే దాన్ని కొట్టాలి. తొందరపడి ముందే కొడితే తప్పు. పట్టుకుంటే తప్పు. వేలు తగిలిన క్షణాన బల్ల దగ్గరి టైమ్‌కీపర్ గడియారం నడుపుతాడు. దీన్నే జంప్ బాల్ అంటారు.

నా ఎత్తు ఐదడుగులకు అంగుళం తక్కువ. ఆరడుగుల పిల్లల మధ్య నిలబడి వాళ్ల చేతులకు అందనంత ఎత్తుకు బంతి వేయాలంటే నేను మోకాళ్లు వంచి, ఒక ఊపిరి వదిలి వేయాల్సిందే. తోటి రిఫరీలు దీని మీద చేసిన ఎగతాళి రాస్తే పుస్తకం అవుతుంది. ఒకసారి ఒక పిల్ల మోచేయి నా నోట్లోని విజిల్‌కు తగిలి ముందుపన్ను ఊడింది. అప్పటి నుంచి బంతి వేసేటప్పుడు విజిల్ నోట్లో పెట్టుకోవడం మానేశాను. కొత్తవాళ్లకు కూడా అదే చెబుతాను. పన్ను కట్టించుకున్నదాని మాట వినడం మంచిది.

ఎగరేసే ముందు చేయాల్సిన పని ఇంకొకటుంది. లెక్కపెట్టాలి. ఈ జట్టు ఐదుగురు, ఆ జట్టు ఐదుగురు. నలుగురితో ఆట మొదలుపెట్టకూడదు, ఆరుగురితో అసలే కూడదు. కంగారులో ఒక సబ్‌స్టిట్యూట్ పిల్ల కోర్టులోనే ఉండిపోవడం నేను చాలాసార్లు చూశాను. అందరూ ముఖాలు చూసి లెక్కపెడతారు. నేను బూట్లు చూసి లెక్కపెట్టేదాన్ని. నా ఎత్తుకు అదే సులువు, పైగా పిల్లల ముఖాలు చూస్తే మనసు పక్కకు పోతుంది.

నా ఊపిరి సంగతి కనిపెట్టిన ఆటగత్తె ఒక్కతే. పేరు శ్రావ్య. కేసముద్రం మార్కెట్ యార్డులో కాంటా వేసే ఆయన కూతురు. హన్మకొండలో హాస్టల్‌లో ఉండి ఇంకో కాలేజీలో చదివేది. ఆ కాలేజీ పీడీ సమ్మయ్య నాకు జూనియర్, అక్కా అని పిలుస్తాడు. శ్రావ్య వాళ్ల జట్టులో సెంటర్, అంటే బుట్ట కింద ఆడే పొడుగు పిల్ల, పన్నెండో నంబరు. నేను ఊపిరి వదిలిన తర్వాత ఒక లిప్త ఆగి లేచేది. రెండేళ్లలో నేను వేసిన జంప్ బాల్ ఒక్కటి కూడా ఆ పిల్ల పోగొట్టుకోలేదు. కొట్టిన ప్రతిసారీ బంతిని తన ఎడమ పక్కకే కొట్టేది. అక్కడ తొమ్మిదో నంబరు నస్రీన్ నిలబడి ఉండేది. ఇద్దరూ ఒకే బెంచీ, ఒకే టిఫిన్ డబ్బా. సెలవు రోజుల్లో శ్రావ్య హాస్టల్ వదిలి నస్రీన్ వాళ్లింట్లోనే ఉండేది.

ఆ ఏడు వానాకాలంలో శ్రావ్యకు జ్వరం వచ్చింది. దవాఖానలో చేర్చిన నాలుగో రోజు పోయింది. ఇంతకంటే ఎక్కువ రాయడం నాకు ఇష్టం లేదు.

జట్టులో శ్రావ్య తర్వాత పొడుగు నస్రీనే. సమ్మయ్య ఆమెను సెంటర్‌లో నిలబెట్టాడు. ఆటలో బాగానే ఆడేది. జంప్ బాల్‌కు మాత్రం ఎగిరేది కాదు. రిఫరీ బంతి పైకి వేస్తే కాళ్లు నేలకు మేకులతో కొట్టినట్టు నిలబడి చూసేది. ప్రాక్టీస్ మ్యాచులన్నిటిలో అదే తంతు. నవంబరులో సమ్మయ్య నా దగ్గరికి వచ్చి తల పట్టుకున్నాడు. డిసెంబరు పోటీలకు యూనివర్సిటీ జట్టు సెలెక్టర్లు వస్తారు, మన వైపు నుంచి ఒకే ఒక సెంటర్‌ను తీసుకుంటారట. ఆ జట్టులోకి వస్తే వచ్చే సర్టిఫికెట్‌తో స్పోర్ట్స్ కోటాలో వ్యాయామ టీచర్ల కోర్సు బి.పి.ఎడ్.లో సీటు దొరుకుతుంది. రాకపోతే డిగ్రీ కాగానే నస్రీన్ మేనమామ చెప్పుల షాపులో కౌంటర్ దగ్గర కూర్చోవాలి. ఇంట్లో ఆ మాట ఎప్పుడో అయిపోయింది. ఎగరని సెంటర్‌ను ఏ సెలెక్టరూ తీసుకోడు కదా అన్నాడు సమ్మయ్య. నువ్వొకసారి మాట్లాడక్కా, ఆడపిల్ల నాతోని చెప్తలేదు అన్నాడు.

వెళ్లాను. అప్పటికి ఫైనల్ నాకు పడలేదు. పడి ఉంటే ఆటగత్తె ఇంటి గడప తొక్కేదాన్ని కాదు. ఆ నియమం నేను ఎన్నడూ తప్పలేదు.

మండిబజార్ సందులో మేడ మీద రెండు గదుల ఇల్లు. మధ్యాహ్నం మూడు గంటలు. వాళ్లమ్మ చాయ్ పెట్టి ఇచ్చి, మీరైనా జర చెప్పండి మేడం, ఇది నిద్రల గూడ ఆ గేమే ఆడుతాంది అని లోపలికి పోయింది. గేమ్ అంటే ఏమిటో నాకు అర్థం కాలేదు. నస్రీన్ టీవీ పెట్టింది. వాళ్లన్న కొనుక్కొచ్చిన వీడియో గేమ్, బాస్కెట్‌బాల్ ఆట. అందులో మన పేరుతో, మన ఎత్తుతో, మన నంబరుతో మనుషులను తయారు చేసుకోవచ్చట. శ్రావ్య ఉన్నప్పుడు ఇద్దరూ కూర్చుని తమ ఇద్దరినీ తయారు చేసుకున్నారు. జడ కూడా పెట్టుకున్నారు.

ఆట మొదలైంది. పెద్ద స్టేడియం, చుట్టూ చీకటి, మెల్లగా లైట్లు వెలిగాయి. పిల్లలు ఒక్కొక్కరే వచ్చి వలయం దగ్గర నిలబడ్డారు. నడుమ పన్నెండో నంబరు తెల్ల జెర్సీ. రిఫరీ బంతి ఎగరేశాడు. ఎగరేసే ముందు అతను లెక్కపెట్టలేదు. అది నాకు నచ్చలేదు, ఆ మాట పైకి అన్నాను కూడా. నస్రీన్ నవ్వలేదు. మామూలుగా బంతి పైకి పోయినప్పుడు చేతిలోని కంట్రోలర్ మీద సరైన సమయంలో బటన్ నొక్కాలట. ముందే నొక్కితే బొమ్మ వట్టిగా ఎగిరి దిగుతుంది. నస్రీన్ ఆ కంట్రోలర్‌ను తీసి టీపాయ్ మీద పెట్టింది. రెండు చేతులూ మోకాళ్ల మీద పెట్టుకుంది. తెరమీద పన్నెండో నంబరు ఎగిరింది. ఒక లిప్త ఆగి ఎగిరింది. బంతిని ఎడమ పక్కకు కొట్టింది.

యంత్రం కదా, మనం ఆడకపోతే అదే ఆడుకుంటుంది అన్నాను. నస్రీన్ ఆట ఆపి, పన్నెండును తీసేసి, నడుమ తన బొమ్మను నిలబెట్టింది. తొమ్మిదో నంబరు. మళ్లీ కంట్రోలర్ టీపాయ్ మీదే. రిఫరీ బంతి వేశాడు. తొమ్మిదో నంబరు కదలలేదు. అవతలి బొమ్మ ఎగిరి బంతిని కొట్టింది. మళ్లీ పన్నెండును పెట్టింది. ఎగిరింది. మళ్లీ తొమ్మిది. కదలలేదు. మూడుసార్లు చూపించింది. చాయ్ చల్లారిపోయింది. బయట ఎండ ఫెళ్లున కాస్తోంది.

అప్పుడు నస్రీన్ అంది. "అది ఇంక పోలే మేడం. అది నిలబడ్డ జాగల నేనెట్ల ఎగురాలె?"

ముప్పై ఏళ్లలో పిల్లల మోకాలి నొప్పులకు, బెణుకులకు, ఏడుపులకు జవాబు చెప్పాను. దీనికి మాత్రం బంతిని చూడు, మనిషిని కాదు అని ఒక పాత మాట అప్పజెప్పి మెట్లు దిగాను. ఆ పూట నా మీద నాకే కోపం వచ్చింది.

పోటీల్లో సమ్మయ్య జట్టు ఫైనల్ దాకా వచ్చింది. ఒక్క జంప్ బాల్‌కు కూడా నస్రీన్ లేవలేదు. సెమీఫైనల్ తర్వాత సెలెక్టర్లలో ఒకాయన నోట్‌బుక్కులో ఏదో కొట్టేయడం సమ్మయ్య కళ్లారా చూశాడట. ఫైనల్లోనూ ఇట్లనే నిలబడితే కథ అయిపోయినట్టే అక్కా అన్నాడు. నేను రిఫరీని కాబట్టి వినలేదన్నట్టు వెళ్లిపోయాను.

ఫైనల్ ఉదయం తొమ్మిదికి. అవతలి జట్టు మధ్యాహ్నం కాజీపేటలో రైలెక్కాలని అంత పొద్దున పెట్టారు. ఆ రోజు మంచు విపరీతంగా ఉంది. ఇండోర్ హాలు తలుపులు తీస్తే పొగలాగా లోపలికి వచ్చింది. రేకుల కప్పు నుంచి ఒక్కొక్క చుక్క రాలుతుంటే గుడ్డతో తుడిపించాను. పైన లైట్లు వేడెక్కి పూర్తిగా వెలగడానికి పది నిమిషాలు పడుతుంది. అప్పటిదాకా ఒక రకమైన ఊదా వెలుతురు. సమ్మయ్య జట్టు తెల్ల జెర్సీలు, అవతలిది నీలం. తెల్ల జట్టు బెంచీ చివరి కుర్చీలో పన్నెండో నంబరు జెర్సీ మడతపెట్టి ఉంది. ఆ ఏడంతా ఆ నంబరు ఎవరూ వేసుకోలేదు.

టైమ్‌కీపర్ ఖాదర్ సాబ్. చాలా ఏళ్ల నుంచి గడియారం పని ఆయనదే. కంటి అద్దాలు లావే కానీ, ఆయన స్విచ్ నొక్కడంలో తప్పు పట్టినవాళ్లు లేరు. సెలెక్టర్లు ముగ్గురు గోడవార కుర్చీల్లో కూర్చున్నారు. కెప్టెన్లతో చేతులు కలిపించి, విజిల్ జేబులో వేసుకుని, బంతి తీసుకుని వలయంలోకి వెళ్లాను. లెక్క మొదలుపెట్టాను.

నీలం జట్టు, ఐదు జతల బూట్లు. తెల్ల జట్టు, బయట నాలుగు జతలు. వలయంలో వాళ్ల సగంలో రెండు.

ఆరు.

తలెత్తాను. వలయంలో తెల్ల జట్టు సగంలో నస్రీన్ ఒక్కతే నిలబడి ఉంది. మళ్లీ కిందికి చూసి లెక్కపెట్టాను. బయట నాలుగు, లోపల ఒకటి. ఐదు. ఊదా వెలుతురు, తడి నేల, నీడ పడి ఉంటుంది అనుకున్నాను. ఖాదర్ సాబ్ వైపు చూశాను. ఆయన బొటనవేలు చూపించాడు. అంటే బల్ల సిద్ధం. నిజానికి రెండో లెక్క నాకు అనుకూలంగా ఉంది కాబట్టి దాన్నే తీసుకున్నాను. నేను చేసిన తప్పు ఇదీ.

మోకాళ్లు వంచి, ఊపిరి వదిలి, బంతి వేశాను.

నీలం సెంటర్ తొందరపడింది. బంతి ఇంకా పైకి పోతుండగానే ఎగిరి, చేయి అందక దిగిపోయింది. నస్రీన్ లేవలేదు. ఎప్పటిలాగే నిలబడిపోయింది. నేను వాళ్లిద్దరి నడుమ మూరెడు దూరంలో ఉన్నాను. నా తల పైన బంతి ఆగింది. ఒక లిప్త. అప్పుడు టప్ మని చప్పుడు వినిపించింది. వేళ్ల కొసలు బంతికి తగిలితే వచ్చే చప్పుడు ముప్పై ఏళ్లుగా వింటున్నాను, నాకు దాన్ని ఎవరూ నేర్పాల్సిన పని లేదు. బంతి నిటారుగా కిందికి రాలేదు. తెల్ల జట్టు ఎడమ పక్కకు పోయింది. అక్కడ ఎవరూ లేరు. ఇదివరకు నస్రీన్ నిలబడే చోటది. ఖాళీ నేల మీద ఒకసారి పడి లేచింది. తెల్ల జట్టు పిల్ల ఒకతి ఉరికి పట్టుకుంది. స్కోర్‌బోర్డు మీద గడియారం నడవడం మొదలైంది.

జేబులోంచి విజిల్ తీసి ఊదాను. పైనుంచి ఒక చుక్క రాలిన చప్పుడు కూడా వినపడింది.

నియమం ఇలా ఉంది. ఎగిరేవాళ్లలో ఏ ఒక్కరి చేయీ తగలకుండా బంతి నేల మీద పడితే జంప్ బాల్ మళ్లీ వేయాలి. తగిలితే ఆట సాగాలి. తగిలిందా లేదా అన్నది చెప్పాల్సింది నేను. నాకు చప్పుడు వినపడింది, చేయి కనపడలేదు. రెండో రిఫరీని అడిగితే, తాను బయటి ఎనిమిది మంది కాళ్లు చూస్తున్నానన్నాడు. ఆ సమయంలో అతని పని అదే. బల్ల దగ్గరికి వెళ్లి ఖాదర్ సాబ్‌ను గడియారం ఎందుకు నడిపారని అడిగాను.

ఆయనకు కోపం వచ్చింది. "చెయ్యి తగిలితేనే నొక్కిన మేడం. తగలకుంటే నొక్కుతనా?"

ఎవరి చేయి అని అడిగాను.

"తెల్లోళ్లది. పన్నెండు..." అని ఆగిపోయాడు. మెల్లగా బెంచీ వైపు తిరిగి చూశాడు. చివరి కుర్చీలో జెర్సీ మడత మడతలాగే ఉంది. ఆయన అద్దాలు తీసి చేతిరుమాలుతో తుడిచి మళ్లీ పెట్టుకున్నాడు. ఆ తర్వాత ఎన్ని మ్యాచులకు కలిసి పనిచేసినా ఆ సంగతి మా మధ్య రాలేదు.

వలయం దగ్గరికి తిరిగి వచ్చి ఇద్దరు సెంటర్లనూ అడిగాను. రిఫరీ అలా అడగాలన్న నియమం లేదు, అడగకూడదనీ లేదు. నీలం పిల్ల తనకు తగల్లేదని వెంటనే చెప్పింది. నస్రీన్ వంక చూశాను. బంతి వాళ్ల జట్టు చేతిలోనే ఉంది. తగిలింది అంటే చాలు. బంతి వాళ్లదే అవుతుంది. సెలెక్టర్ల నోట్‌బుక్కులో కొట్టేసిన పేరు మళ్లీ ఎక్కవచ్చు. మంచు వెలుతురులో ఆ దూరం నుంచి ఎవరు ఎగిరారో వాళ్లకు సరిగా కనపడి ఉండదు. ఆ సంగతి నస్రీన్‌కు కూడా తెలుసు. గోడవార కుర్చీల వైపు ఒకసారి చూసింది.

"నాకు తగల్లే మేడం. నేను ఎగురనే లే" అంది.

గడియారం మొదటికి తిప్పించాను. మళ్లీ జంప్ బాల్ అని రెండు బొటనవేళ్లు పైకి చూపించాను. ఈసారి లెక్క నిదానంగా పెట్టాను. తెల్ల జట్టు ఐదు. మళ్లీ పెట్టాను. ఐదు. మూడోసారి పెట్టాను. ఐదు. నీలం జట్టు కోచ్, ఈమెకేమైంది అన్నట్టు చూస్తున్నాడు. చూడనీ అనుకున్నాను. మోకాళ్లు వంచబోతుండగా నస్రీన్ పెదవులు కదిలాయి. హాలులో ఇంకెవరికీ వినపడి ఉండదు. మూరెడు దూరంలో ఉన్న నాకు వినపడింది.

"శ్రావ్యా, జర జరుగు. గిది నేను కొడ్త."

ఊపిరి వదిలి బంతి వేశాను. నస్రీన్ ఒక లిప్త ఆగింది. తర్వాత లేచింది. ఆమె మోచేయి నా చెవి పక్కనుంచి గాలి కొట్టుకుంటూ పైకి పోయింది. నాకున్న ఒక్క కట్టుడు పన్ను ఆ రోజు భద్రంగా మిగిలింది. బంతిని ఎడమ పక్కకే కొట్టింది. అక్కడికి అప్పుడే ఒక పిల్ల వచ్చి నిలబడింది. ఆట మొదలైంది. సమ్మయ్య బెంచీ దగ్గర ముఖం అటు తిప్పుకుని నిలబడ్డాడు.

మ్యాచ్ వాళ్లు ఓడిపోయారు. నీలం జట్టు నిజంగానే మెరుగైన జట్టు. సాయంత్రానికి యూనివర్సిటీ జట్టు పేర్లు అంటించారు. అందులో సెంటర్‌గా నస్రీన్ పేరుంది. చెప్పుల షాపులో ఆమె మేనమామ ఇంకెవరినో పనికి పెట్టుకున్నాడని తర్వాత తెలిసింది. మ్యాచ్ నివేదికలో విశేషాలు రాసే గడిలో నేను ఒకే వాక్యం రాశాను: మొదటి జంప్ బాల్ ఎవరికీ తగలనందున మళ్లీ వేయబడింది. ఆ కాగితం మీద ఖాదర్ సాబ్ కూడా సంతకం పెట్టాడు.

వారం తర్వాత నస్రీన్ ఫోన్ చేసింది. మొదట కృతజ్ఞతలు చెప్పింది, అమ్మ భోజనానికి రమ్మంటున్నదని చెప్పింది. తర్వాత అసలు సంగతి చెప్పింది. ఇంటికి పోయి గేమ్ పెట్టిందట. పన్నెండును నడుమ నిలబెట్టి, కంట్రోలర్ టీపాయ్ మీద పెట్టి చూసిందట.

"ఎగురుతలేదు మేడం. బటన్ నొక్కితెనే ఎగురుతాంది ఇప్పుడు" అంది.

యంత్రం కదా అమ్మా అన్నాను. ఔ మేడం అని పెట్టేసింది.

నేను రిటైర్ అయిన తర్వాత కూడా కొత్త రిఫరీల శిక్షణకు నన్ను పిలుస్తుంటారు. జంప్ బాల్ పాఠం నాకే ఇస్తారు. విజిల్ నోట్లో పెట్టుకోకండి, బంతి నిటారుగా వేయండి అని చెబుతాను. లెక్క ఒకసారి కాదు, రెండుసార్లు పెట్టండి అని చెబుతాను. రెండు లెక్కలూ కలవకపోతే మనకు అనుకూలమైనదాన్ని తీసుకోకూడదు, ఆగి మూడోసారి పెట్టాలి. ఆ రోజు నేను ఆ పని చేసి ఉంటే మొదటి బంతి వేసి ఉండేదాన్ని కాదు. రెండో బంతికి మాత్రం చేశాను. మూడుసార్లూ ఐదే వచ్చింది. లెక్క సరిపోయినందుకు రిఫరీగా నాకు తృప్తి కలగాలి. కలగలేదు.